విచారణ పేరుతో రిటైరైన ఉద్యోగి గ్రాట్యుటీ ఆపొచ్చా?

ప్రభుత్వ ఉద్యోగి రిటైరయ్యాక, శాఖాపరమైన విచారణ నడుస్తోందంటూ గ్రాట్యుటీ ఆపొచ్చా అన్నది ప్రశ్న. ముందు చూడాల్సింది, అలా ఆపమనే రూల్ ఉందా అని. జార్ఖండ్ ప్రభుత్వానికీ జితేంద్ర కుమార్ శ్రీవాస్తవకూ మధ్య నడిచిన కేసులో 2013లో సుప్రీంకోర్టు, పెన్షన్, గ్రాట్యుటీ ఉద్యోగి ఆస్తి అనీ, రాజ్యాంగం 300ఎ అధికరణ ప్రకారం చట్టం ఆధారం లేకుండా వాటిని ఆపడానికి వీల్లేదనీ తేల్చింది. ప్రభుత్వం చూపించిన సర్క్యులర్లు చాలవంది.

ఈ తీర్పు పట్టుకుని ఇక్కడా గెలుస్తామనుకుంటే కష్టమే. తెలుగు రాష్ట్రాల్లో 1980 పెన్షన్ నియమాల్లో ఆ రూల్ ఉంది. రిటైరయ్యే నాటికి విచారణో క్రిమినల్ కేసో పెండింగ్‌లో ఉంటే, 52వ నియమం కింద తాత్కాలిక పెన్షన్ ఇస్తూ, గ్రాట్యుటీని అది తేలేదాకా ఆపొచ్చు. అలాంటప్పుడు విచారణను ఏళ్ల తరబడి సాగదీయడం మీద హైకోర్టుకు వెళ్లడమే నయం. రిటైరయ్యాక శాఖ నుంచి కొత్తగా చార్జిషీటు (అభియోగాల పత్రం) వస్తే మాత్రం తేదీలు చూసుకోండి: సంఘటన జరిగి నాలుగేళ్లు దాటితే 9వ నియమం ఒప్పుకోదు, ప్రభుత్వ అనుమతి కూడా ఉండాలి.

ఇక ఖజానాలో డబ్బుల్లేవన్న సాకూ నిలవదు. కొవిడ్ సమయంలో ఆంధ్రప్రదేశ్ వాయిదా వేసిన జీతాలు, పెన్షన్ల మీద 2021లో సుప్రీంకోర్టు 6 శాతం వడ్డీ కట్టమంది. అంతకుముందు హైకోర్టు అయితే 12 శాతం వేసింది.