రాజధాని ఆగినా ఒప్పందం ఆగదు

ప్రశ్న: తుళ్లూరు మండలంలో మా నాన్నగారు 2015లో ఎకరం మెట్ట భూమిని రాజధాని అమరావతి కోసం ల్యాండ్ పూలింగ్‌లో (భూమి ఇచ్చినవారికి బదులుగా అభివృద్ధి చేసిన ప్లాటు, ఏటా కౌలు ఇచ్చే ప్రభుత్వ పథకం) ఇచ్చారు. 2021లో ఆయన కాలం చేసినప్పటి నుంచి కౌలు రావడం లేదు. మాకిచ్చిన ప్లాటు చూద్దామని వెళితే మనిషెత్తు కంపచెట్ల మధ్య సర్వే రాయి ఒక్కటే కనిపించింది. అమ్మ ఆ రాయి పక్కనే కూలబడిపోయింది. భూమి వెనక్కి తీసుకోవచ్చా? పెళ్లయిన ఆడపిల్లలకు కౌలులో వాటా లేదని అన్నయ్య అంటున్నాడు, నిజమేనా?

జవాబు: అమ్మా, భూమి వెనక్కి రావడం చాలా కష్టమని ముందే చెప్పడం నా బాధ్యత. పూలింగ్‌కు భూమి ఇస్తూ మీ నాన్నగారు సంతకం చేసిన ‘9.14’ అనే అభివృద్ధి ఒప్పందాన్ని ఒక పక్షం తనంతట తాను రద్దు చేసుకోవడానికి వీల్లేదు. అయితే ఆ కట్టుబాటు ప్రభుత్వానికీ వర్తిస్తుంది. 2019 డిసెంబరులో మూడు రాజధానుల ప్రకటన వచ్చాక పనులు ఆగిపోయాయి. ఆ పరిస్థితిలోనే రైతుల ప్లాట్లను అభివృద్ధి చేసి ఇవ్వాల్సిందేనని 2022 మార్చి 3న హైకోర్టు తీర్పు చెప్పింది. అందులోని గడువులపై అదే ఏడాది నవంబరులో సుప్రీంకోర్టు స్టే ఇచ్చినా, ఒప్పందం చెల్లదని ఎక్కడా అనలేదు. 2025 మే 2న పనులు తిరిగి మొదలయ్యాయి కాబట్టి ప్లాటును వదులుకునే ఆలోచన, తక్కువ ధరకు తెగనమ్మే ఆలోచన ఇప్పుడు పెట్టుకోవద్దు.

కౌలు విషయంలో మీ హక్కు బలమైనది. మెట్టకు ఎకరానికి మొదటి ఏడాది 30,000 రూపాయలు, ఆపై ఏటా 3,000 పెంపుతో పదేళ్లు చెల్లించాలన్నది పథకం నిబంధన. ఆ లెక్కన ఏడో ఏడాదికే 48,000 రావాలి. రైతు మరణంతో ఆ బాకీ తీరిపోదు, వారసులకు చేరుతుంది. వీలునామా లేకపోతే హిందూ వారసత్వ చట్టం ప్రకారం, అది నాన్నగారి స్వార్జితమైతే, అమ్మకూ అన్నయ్యకూ మీకూ సమాన వాటాలు వస్తాయి. నాయనమ్మ జీవించి ఉంటే ఆమెకూ ఒక వాటా ఉంటుంది. పిత్రార్జితమైనా 2005 సవరణ తర్వాత కూతురికి కొడుకుతో సమాన హక్కు ఉంది. పెళ్లి ఆ హక్కును తుడిచివేయదు.

మీ పొలంలో కలుపు తీసిన కూలీలకు ప్లాటు లేదు, కౌలు లేదు. పథకం కింద వారికి మొదట్లో కుటుంబానికి నెలకు 2,500 రూపాయల పింఛను ఇచ్చేవారు. ఈ ఊళ్లలో అందరికంటే ఎక్కువ నష్టపోయినవారు వారేనని నేను నమ్ముతాను. మీ ఎరుకలో అలాంటి కుటుంబానికి పింఛను ఆగి ఉంటే, వారి చేతా అర్జీ పెట్టించండి.

ముందుగా తహసీల్దారు నుంచి కుటుంబ సభ్యుల ధ్రువీకరణ పత్రం తీసుకోండి. దానితోపాటు మరణ ధ్రువపత్రం, 9.14 నకలు జతచేసి, వారసులందరి పేర్లతో రాజధాని ప్రాంత అభివృద్ధి సంస్థ సీఆర్‌డీఏకు అర్జీ ఇచ్చి రసీదు పొందండి. అన్నయ్య సంతకం పెట్టకపోయినా మీరూ అమ్మా ఇవ్వవచ్చు. బదులు రాకపోతే హైకోర్టులో రిట్ (ప్రభుత్వ సంస్థ తన విధి చేసేలా ఆదేశించమని కోరే పిటిషన్) వేయవచ్చు. బాకీల దావాకు సాధారణంగా మూడేళ్ల కాలపరిమితి ఉంటుంది కనుక ఇక ఆలస్యం చేయవద్దు. ఖర్చుకు వెనకాడనక్కరలేదు. ఆదాయంతో నిమిత్తం లేకుండా స్త్రీలకు ఉచిత న్యాయ సహాయం పొందే హక్కు ఉంది కాబట్టి, అమ్మను వెంటబెట్టుకుని గుంటూరులోని జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు వెళ్లండి.