మీ నాన్నగారికి ఈసారి డిటెక్టివ్ నవల కొనకండి

"జనవరిలో విజయవాడ పుస్తకాల పండక్కి వెళ్తున్నాను. అమ్మ నవలలు తప్ప ముట్టుకోదు, నాన్నకి క్రైం కావాలి, చెల్లెలు కవిత్వం అంటోంది. ఎవరికి ఏం కొనాలి?" అని మీరు అడిగారు. మీ ప్రశ్న కింద అందరూ జాబితాలు ఇచ్చారు. నేను మాత్రం ఇలా చెబుతాను: ఒకరు అడిగిన రకం ఇంకొకరికి కొనండి. ఇది గాలిమాట కాదు. పదేళ్ల పాటు పుస్తకాల కొట్టు గల్లాపెట్టె దగ్గర కూర్చుని చూసినదాన్ని కాబట్టి చెబుతున్నాను.

తెనాలిలో మా నాన్నకి నవలలు అద్దెకిచ్చే కొట్టు ఉండేది. పొద్దున ట్యూషన్లు, సాయంత్రం కొట్టు. అందుకే అందరూ ఆయన్ని మేష్టారూ అనేవాళ్లు. పది రూపాయలు డిపాజిట్, రోజుకి పావలా నుంచి రూపాయి దాకా అద్దె. కొత్త నవల రాగానే ఆయన అట్ట తీసేసి, సూదీ దారంతో కుట్టి, కాలికో గుడ్డతో బైండు చేసేవారు. నేను బడి నుంచి వచ్చి నోటుబుక్కులో పేర్లు రాసేదాన్ని. మాకున్న పెద్ద బాధ ఒకటే. డిటెక్టివ్ నవలల్లో ఎవడో ఆఖరి పేజీ చించేసేవాడు. హంతకుడెవరో తెలియక జనం మా మీదకి వచ్చేవాళ్లు. ఏ పుస్తకానికి ఆఖరి పేజీ పోయిందో నేను ఒక పట్టీ రాసి పెట్టుకున్నాను. ఆ పుస్తకం తీసుకునేవాళ్లకి చివర్న ఏం జరిగిందో నాన్న నోటితో చెప్పి పంపేవారు.

మా ఖాతాదారుల్లో రైల్వే గేట్‌మన్ ఒకాయన ఉండేవాడు. తెనాలి నుంచి చీరాల వైపు పోయే లైన్లో ఒక లెవెల్ క్రాసింగు ఆయనది. ఎప్పుడూ రాత్రి డ్యూటీ. ఒక గూడ్సుకీ ఇంకో మెయిలుకీ మధ్య నిద్ర పట్టకుండా ఉండాలని రోజుకో డిటెక్టివ్ పుస్తకం తీసుకెళ్లేవాడు. కొమ్మూరి సాంబశివరావు రాసిన డిటెక్టివ్ యుగంధర్ పుస్తకాలు మా దగ్గరున్నవన్నీ రెండేసి సార్లు చదివాడు. ఆఖరి పేజీ లేకపోయినా ఫరవాలేదనేవాడు. "సగంలోనే చెప్పేస్తా అమ్మాయ్ ఎవడో," అనేవాడు, నిజంగానే చెప్పేవాడు కూడా. నేను ఆయన్ని బాబాయ్ అని పిలిచేదాన్ని. వేరే ఏదైనా ఇవ్వబోతే, "నాకు కవిత్వాలు, ఏడుపు నవలలు వద్దు," అని పక్కకి నెట్టేసేవాడు.

1991 ఆగస్టు 6న చుండూరులో ఎనిమిది మంది దళితుల్ని చంపారు. మాకు అది పక్క ఊరు కింద లెక్క. శవాల్ని కాలవల్లో పడేశారని తెలిసిన రోజున తెనాలి బజారు ఎంత నిశ్శబ్దంగా ఉందో నాకు ఇప్పటికీ గుర్తుంది. బాబాయి చుట్టాలు ఆ ఊళ్లో ఉండేవాళ్లు. రెండు వారాలు ఆయన కొట్టుకి రాలేదు. వచ్చినరోజు చేతిలో పుస్తకం ఉంది, సగం దగ్గర మడత పెట్టి ఉంది. నేను అద్దె లెక్క కడుతుంటే నాన్న నోటుబుక్కు మూసేశారు.

"ఇంకోటి ఇవ్వనా?" అన్నాను నేను, పదిహేనేళ్ల పిల్లని, ఏమనాలో తెలియక.

"వద్దమ్మాయ్. ఇందులో ఎవడు చంపాడో ఎవరికీ తెలీదు, ఆఖర్న దొరుకుతాడు. అక్కడ ఎవరు చంపారో అందరికీ తెలుసు. ఇంక నాకు డిటెక్టివెందుకు?"

నాన్న లోపలికి వెళ్లి, అద్దెకిచ్చే పుస్తకాల్లోంచి కాకుండా తన అలమారులోంచి ఒక పలచటి పుస్తకం తెచ్చారు. గుర్రం జాషువా గబ్బిలం. 1941లో వచ్చిన కావ్యం. గుడిలోకి తనకి ప్రవేశం లేదు కాబట్టి, రాత్రి తన ఇంట్లోకి ఎగిరొచ్చిన గబ్బిలాన్ని పిలిచి, నా బాధ కాశీలో శివుడి చెవిన వెయ్యమని బతిమాలుకునే అంటరాని మనిషి కథ అది. బాబాయి పద్యాలు చూసి వెనక్కి తోశాడు, "ఇవి నాకు ఎక్కవు మేష్టారూ" అన్నాడు. "కళ్లతో చదవకు, పైకి చదువు. గేటు దగ్గర ఎవరుంటారు వినడానికి?" అన్నారు నాన్న.

వారం తర్వాత వచ్చాడు. కొట్టు ముందు మెట్టు మీద కూర్చుని, పుస్తకం తెరవకుండా ఒక పద్యం ఎత్తుకున్నాడు. రాగంతో, హార్మోనియం పక్కన ఉన్నట్టే. సోడా బండివాడు సీసా పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. పాడటం ఆపి, "మేష్టారూ, ఈ ఒరవడి నాకు తెలుసు. చిన్నప్పట్నుంచీ హరిశ్చంద్ర నాటకంలో కాటిసీను దగ్గర విన్న పద్యాల్లాగే ఉంది," అన్నాడు. అప్పుడు నాన్న చెప్పారు, కాటిసీన్లో నటులు పాడే ఆ శ్మశానం పద్యాలు జాషువా గారివేనని, ఆయన మన జిల్లా వినుకొండ మనిషేనని. బాబాయి చాలాసేపు మాట్లాడలేదు. రాత్రంతా నేల మీద కూర్చుని నాటకాలు చూసిన మనిషి, ఆ పద్యాలన్నీ కంఠతా వచ్చిన మనిషికి, అవి రాసినవాడు ఎవరో తెలియకుండానే యాభై ఏళ్లు వచ్చేశాయి. "నాకు కవిత్వం వద్దు" అని మా కొట్లో అన్నిసార్లు అన్న మనిషి ఆయనే. ఆ పుస్తకం నాన్న ఆయనకే ఇచ్చేశారు.

అందుకే "నేను కవిత్వం చదవను" అనే మాట నేను నమ్మను. తెలుగువాళ్లలో కవిత్వం చెవిన పడనివాళ్లు లేరు. పుస్తకంలో అచ్చయ్యేసరికి అదేదో పరాయి వస్తువైపోయింది, అంతే. దీనికి సగం తప్పు బళ్లది. పద్యం రాగం తీసి చదవనివ్వకుండా ప్రతిపదార్థం రాయించి చంపేస్తున్నారు.

ఇక నిజమైన నేరాల సంగతి. మీ నాన్నగారు క్రైం అంటే ఏమనుకుంటున్నారో నాకు తెలియదు గానీ, ఇప్పుడు ఫోన్లో వచ్చేవి చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. వెనక సంగీతం, "కిరాతకంగా", "అతి దారుణంగా", చనిపోయిన పిల్ల పెళ్లి ఫొటో. పేపర్ల జిల్లా పేజీలూ అంతే. చంపినవాడి గురించి పేరాలు పేరాలు ఉంటాయి. చనిపోయినవాళ్ల ఇంట్లో మర్నాడు పొయ్యి వెలిగిందా లేదా ఎవరూ రాయరు. తెలుగులో నేరం గురించి ఒళ్లు దగ్గర పెట్టుకుని రాసినవాళ్లు పౌరహక్కుల వాళ్లూ, లాయర్లూ. నేరం జరిగిన చోటికి వెళ్లి విచారించి వాళ్లు రాసే నిజనిర్ధారణ నివేదికలు దొరికితే వదలకండి. బొజ్జా తారకం "పోలీసులు అరెస్టు చేస్తే" అని ఒక పుస్తకం రాశారు. స్టేషన్లో మనకున్న హక్కులేమిటో మామూలు మాటల్లో చెబుతుంది. పది హత్యానవలలు చదివినా తెలియని సంగతి అది. ఆయన కవి కూడా, "నది పుట్టిన గొంతుక" ఆయనదే. ఒకే మనిషి కోర్టులో వాదించి, అదే చేత్తో కవిత రాశారు. పుస్తకాల షాపుల్లో మాత్రం ఆ రెంటినీ చెరో గోడకి పెడతారు!

చుండూరు కేసు కోసం ఆ ఊళ్లోనే ప్రత్యేక కోర్టు పెట్టారు. తీర్పు వచ్చేసరికి 2007 అయింది, 21 మందికి యావజ్జీవం పడింది. అప్పటికి మా కొట్టు మూతపడి చాలా ఏళ్లు, టీవీ సీరియళ్లు వచ్చాక ఇక నవలలెవరు అద్దెకి తీసుకుంటారు. అయినా బాబాయి పేపరు పట్టుకుని మా ఇంటికి వచ్చాడు. నాన్నా ఆయనా వరండాలో కూర్చుని ఆ వార్త పొల్లు పోకుండా పైకి చదువుకున్నారు. 2014లో హైకోర్టు ఆ శిక్షల్ని కొట్టేసింది. నాన్న అప్పటికి లేరు. నేనే బాబాయి ఇంటికి వెళ్లాను. ఆయన నవ్వనూ లేదు, ఏడవనూ లేదు. "ఆఖరి పేజీ చించేశారమ్మాయ్," అన్నాడు.

మీ అమ్మగారి విషయానికి వస్తే, ఆవిడ ఒక్కరికి మాత్రం రకం మార్చమనను. నవలే కావాలంటే వాసిరెడ్డి సీతాదేవి "మట్టి మనిషి" కొనండి. సాంబయ్య పొలం కోసం ఎలా బతికాడో, ఆ పొలం ఎలా కరిగిపోయిందో చదువుతుంటే మా పక్క పొలాల గట్ల మీద నడిచినట్టుంటుంది. సీతాదేవి గారిది మాకు దగ్గరి చేబ్రోలే. మీ చెల్లెలికి రావిశాస్త్రి "ఆరు సారా కథలు" ఇవ్వండి. ఆయన విశాఖపట్నంలో ప్లీడరు. సారా కేసులో ఇరుక్కున్న ముత్యాలమ్మ కుర్ర ప్లీడరుతో మాట్లాడే మాటలు ఒక్కసారి గట్టిగా చదవమనండి. కవిత్వం వచనంలో కూడా ఉంటుందని ఆ పిల్లకి తెలుస్తుంది.

కొనేముందు ఒక్క మాట. ప్లాస్టిక్ కవరు వేసి సీలు చేసిన పుస్తకం విప్పి చూపించమని అడగండి, మొహమాటపడకండి. పాత పుస్తకాల్ని మళ్లీ వేసేటప్పుడు కొందరు ప్రూఫులు చూడటం లేదు. ఒత్తులు ఎగిరిపోతున్నాయి, పద్యంలో ఒక అక్షరం పోతే గణం పోతుంది. అంత డబ్బు పెట్టలేకపోతే మీ ఊరి శాఖా గ్రంథాలయానికి వెళ్లి అడగండి. ఇంటిపన్నులో రూపాయికి ఎనిమిది పైసలు గ్రంథాలయ పన్ను కడుతున్నాం, పుస్తకం అడిగే హక్కు మనకుంది. మా వార్డు గ్రంథాలయంలో కొత్త పుస్తకం చూసి ఏళ్లయింది, అడిగేవాళ్లు లేకపోవడమే కారణమంటారు.

గబ్బిలం పలచటి పుస్తకం. విజయవాడలో కొని తెనాలి ప్యాసింజరెక్కితే కిటికీ పక్కన కూర్చుని మీ నాన్నగారికి మీరే నాలుగు పద్యాలు పైకి చదివి వినిపించండి. ఇంటికి చేరేలోగా ఆయనే పుస్తకం మీ చేతుల్లోంచి లాక్కుంటారు.