డిఫాల్ట్‌లో కొట్టేసిన నోటు దావాను మళ్ళీ తెరిపించుకోవచ్చా?

ప్రామిసరీ నోటు దావా వాయిదాకు వెళ్లలేకపోయామని, ఈ-కోర్ట్స్ యాప్‌లో చూస్తే డిఫాల్ట్‌లో (హాజరు కాలేదని) డిస్మిస్ అయినట్టు ఉందని, తెలిసినవాళ్లు కొత్త కేసు వేసుకోమంటున్నారని రాశారు. ఆ సలహా వినకండి. పాత దావానే తెరిపించుకోండి. మా నాన్నగారి నోటు దావా కూడా ఇలాగే పోయి మళ్ళీ నిలబడింది.

ముందు ఆ రోజు డాకెట్‌లో (కోర్టు ఆ రోజు రాసే ఆర్డరులో) ఏం రాశారో మీ లాయరు గారి గుమస్తాను అడిగి తెలుసుకోండి. రెండు వైపులా ఎవరూ లేక కొట్టేస్తే అది సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 9 రూల్ 3 కింద. అలాంటప్పుడు కొత్త దావా వేసుకోవడానికి రూల్ 4 ఒప్పుకుంటుంది. ప్రతివాది హాజరై మీరు లేకపోతే రూల్ 8. అప్పుడు అదే విషయం మీద కొత్త దావా వేయడం కుదరదు, రూల్ 9 అడ్డుపడుతుంది. మీది రూల్ 3 అయినా సంతోషించాల్సింది లేదు. నోటు బాకీకి కాలపరిమితి 3 ఏళ్లు. దావా నడుస్తుండగానే అది దాటిపోయి ఉంటుంది. పైగా కోర్టు ఫీజు మళ్ళీ కట్టాలి.

తెరిపించుకునే పిటిషన్ వేయడానికి గడువు 30 రోజులు. డిస్మిస్ అయిన తేదీ నుంచే లెక్క, మీకు తెలిసిన రోజు నుంచి కాదు. సర్టిఫైడ్ కాపీ చేతికి వచ్చాక వేద్దామని ఆగకండి. అప్పీలు గడువులో కాపీకి పట్టిన రోజులు మినహాయిస్తారు, ఈ పిటిషన్‌కు ఆ సౌకర్యం లేదు. ఇప్పటికే 30 రోజులు దాటితే, లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మన్నించమని ఇంకో పిటిషన్ కలిపి వేయాలి.

మా విషయంలో వాయిదా ముందు రాత్రి నాన్నగారికి గుండెలో నొప్పి వచ్చి ఆసుపత్రిలో చేర్చాం. తెల్లారి కేసు పిలిచే వేళకు లాయరు గారు వేరే కోర్టులో వాదనలో ఉన్నారు. బంట్రోతు మూడుసార్లు పేరు పిలిచాడు, ప్రతివాది లాయరు హాజరు చెప్పారు, దావా పోయింది. నాన్నగారు మంచం మీద ఉండి కూడా ఆ టెన్షనే పడ్డారు. ఎవరో ఊరికే ఇచ్చిన డబ్బు కాదు కదా, రిటైరయ్యాక వచ్చిన సొమ్ము.

పిటిషన్‌లో లాయరు గారు మొదట ‘అనివార్య కారణాల వల్ల’ అని రాయబోయారు. నేను పట్టుబట్టి ఏ రాత్రి చేర్చాం, ఎప్పుడు డిశ్చార్జి చేశారు అన్నీ అఫిడవిట్‌లో రాయించి, డిశ్చార్జి సమ్మరీ జత చేయించాను. అవతలివాళ్లు కౌంటర్ (జవాబు) వేసి, వీళ్లు అంతకుముందు కూడా వాయిదాలు అడిగారని వాదించారు. దానికి భయపడకండి. చూడాల్సింది ఆ రోజు ఎందుకు రాలేదన్నదే, పాత వాయిదాల చరిత్ర కాదని సుప్రీంకోర్టు 2000లో జి.పి. శ్రీవాస్తవ కేసులో చెప్పింది. అది ఎక్స్‌పార్టీ డిక్రీ (ప్రతివాది లేకుండానే ఇచ్చిన తీర్పు) కేసే అయినా మా లాయరు గారు దాన్నే చూపించారు. జడ్జి గారు ఖర్చులు కట్టమని షరతు పెట్టి దావా తెరిచారు. ఆ ఖర్చులు చెప్పిన తేదీలోపు కట్టి తీరాలి. కట్టకపోతే వచ్చిన ఆర్డరు చేజారిపోతుంది.

మీ పిటిషన్ కొట్టేసినా, అది రూల్ 9 కింద వేసిందైతే (అంటే ప్రతివాది హాజరైన రోజు పోయిన దావా అయితే) ఆర్డర్ 43 కింద అప్పీలు ఉంటుంది.

ఇదే బాకీ మీద చెక్ బౌన్స్ కేసు కూడా ఉంటే దాని వాయిదా ఇవాళే చూసుకోండి. ఫిర్యాదుదారు రాకపోతే అక్కడ నిందితుడిని నిర్దోషిగా వదిలేస్తారు. క్రిమినల్ కేసుల విధానానికి వచ్చిన కొత్త చట్టం బి.ఎన్.ఎస్.ఎస్. (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత) సెక్షన్ 279 ప్రకారం హాజరవడానికి ముందు 30 రోజుల సమయం ఇస్తారు, అంతే. ఆ తర్వాత అదే మెజిస్ట్రేట్ దగ్గర తెరిపించుకునే వీలు లేదు, అప్పీలుకే వెళ్లాలి.