యెరికో గోడలు ఎప్పటివి?

ప్రశ్న: యెహోషువ నాడు కూలిన యెరికో గోడలు తవ్వకాల్లో బయటపడ్డాయని మా సండే స్కూల్లో చెప్పారు. నిజమేనా?
– ఒక పాఠకురాలు, పెరంబూరు, చెన్నై

జవాబు: యెరికో పాలస్తీనాలోని పురాతన నగరం; యెహోషువ నాయకత్వంలో ఇశ్రాయేలీయులు దాన్ని ముట్టడించినప్పుడు దాని గోడలు కూలాయని బైబిలు చెబుతుంది. 1930లలో ఆ నగర శిథిలాల దిబ్బను తవ్విన పురావస్తు పరిశోధకుడు జాన్ గార్‌స్టాంగ్, తనకు దొరికినవి ఆ గోడలేనని నమ్మారు. అయితే 1952 నుంచి 1958 వరకు ఆ దిబ్బను నిలువుగా కోసి, ఒక్కొక్క మట్టిపొరనూ అందులోని కుండపెంకులనూ విడివిడిగా పరిశీలించిన కాథ్లీన్ కెన్యన్, ఆ గోడలు యెహోషువ కాలానికి దాదాపు వెయ్యేళ్లు పాతవని తేల్చారు. ఈ పద్ధతిని ఆమె పురావస్తు శాస్త్రవేత్త మార్టిమర్ వీలర్ దగ్గర నేర్చుకున్నారు. మన పుదుచ్చేరి పక్కనున్న అరికమేడును 1945లో తవ్వించింది ఆయనే. విశ్వాసులకు ఈ నిర్ణయం కష్టంగానే తోచవచ్చు. కానీ ఆ దిబ్బ అడుగున ఆమె వెలికితీసిన రాతి బురుజు దాదాపు 10,000 ఏళ్ల నాటిది. దాని లోపల 22 మెట్లు నేటికీ నిలిచి ఉన్నాయి. అక్కడే దొరికిన పుర్రెలకు ఎవరో గారతో ముఖాలు దిద్ది, కళ్ల చోట గుల్లలు పొదిగారు.