ముందు అంగారకుడి ప్రేమకథే వెయ్యి

చిరంజీవి అమ్మలుకి,

మావయ్య ఆశీస్సులు. నువ్వు పంపిన రెండు రాతప్రతులూ పూర్తిగా చదివాను. డాల్ఫిన్స్ నోస్ కొండ మీద శాపంతో వచ్చి పడిన గంధర్వుడు ఆధార్ కార్డు కోసం తిరిగే నవ్వుల కథ ఒకటి. గాజువాక అమ్మాయికీ, అంగారకుడి మీద పనిచేసే కుర్రాడికీ మధ్య నడిచే ప్రేమకథ ఇంకొకటి. సొంతంగా అచ్చు వేసుకునేటప్పుడు ముందు ఏది వెయ్యాలి, డబ్బు తీసుకుని పుస్తకం వేసిపెట్టే ఆ ప్యాకేజీ వాళ్ళకి కట్టాలా అని అడిగావు. ప్రేమకథ ముందు వెయ్యి. డబ్బు కట్టకు.

ప్రేమకథ ఎందుకంటే, అందులోంచి సైన్సు తీసేస్తే కథే ఉండదు. ఈ రకం నవలకి నేను పెట్టే పరీక్ష అదొక్కటే. భూమికీ అంగారకుడికీ మధ్య రేడియోలో ఒక మాట ఒకవైపు చేరడానికే, అప్పుడున్న దూరాన్ని బట్టి సుమారు 3 నుంచి 22 నిమిషాలు పడుతుంది. నువ్వు దాన్ని గట్టిగా పట్టుకున్నావు. ఆ పిల్ల "సారీ" అని పంపేలోపే అతని రెండో కోపం మాట బయల్దేరిపోయి ఉంటుంది చూడు, ఆ పేజీ చదివి కాసేపు పుస్తకం పక్కన పెట్టాను. అంత బాగా వచ్చింది. అలాంటిది ఏడో అధ్యాయంలో ఇద్దరూ వీడియో కాల్‌లో మాటకు మాట జవాబిచ్చుకుంటున్నారేమిటి? అక్కడ పాఠకుడి నమ్మకం పోతుంది. ఆ అధ్యాయం మొత్తం మళ్ళీ రాయి. నీకు పనికొచ్చే విషయం ఇంకొకటి ఉంది. సుమారు 26 నెలలకోసారి సూర్యుడు రెండు గ్రహాలకీ మధ్యకి వస్తాడు. అప్పుడు అక్కడి యంత్రాలకి రెండు వారాల పాటు ఆదేశాలు పంపడం ఆపేస్తారు, సూర్యుడి వల్ల సంకేతాలు చెడిపోతాయని. సరిగ్గా గొడవ మధ్యలో ఆ మౌనం వస్తే ఎలా ఉంటుందో ఆలోచించు.

చివర్లో కుర్రాణ్ణి చంపేద్దామా అని మార్జిన్‌లో రాసుకున్నావు. చంపకు. చావు ఉంటేనే గొప్ప సాహిత్యం అని నీకెవరో చెప్పి ఉంటారు. ప్రేమ నవల కొనేవాళ్ళు ఆ ఇద్దరూ చివరికి ఒకటవుతారనే నమ్మకంతో డబ్బు పెడతారు. దారిలో ఎంత ఏడిపించినా ఊరుకుంటారు కానీ ఆఖరి పేజీలో మోసం చేస్తే నీ రెండో పుస్తకం ముట్టుకోరు. విషాదమే రాయాలనిపిస్తే వేరే కథ రాయి, అట్ట చూడగానే అది విషాదమని తెలిసేలా వెయ్యి. సొంతంగా వేసుకునేటప్పుడు పాఠకుడికీ నీకూ మధ్య ఎడిటర్ ఉండడు. అతను చేయాల్సిన పనంతా నీ మీదే పడుతుంది. నాకు ముఖ్యంగా పట్టింపు ఉన్నది ఈ విషయంలోనే.

గంధర్వుడి సంగతికొస్తాను. మూడో అధ్యాయంలో సముద్రం కనిపిస్తే అతని శక్తి పోతుందన్నావు. తొమ్మిదో అధ్యాయంలో ఆర్.కె. బీచ్ మీద ఎగిరాడు! మాయకి పెట్టిన నియమాన్ని ఎంత కచ్చితంగా పాటిస్తే నవ్వు అంత బాగా పండుతుంది. విశాఖలో ఎటు తిరిగినా సముద్రమే కనిపిస్తుంది కదా, పాపం అతను ఎక్కడ ఎగరగలడు? అసలు హాస్యం అంతా అక్కడే ఉంది, దాన్ని వదులుకున్నావు. భాష కూడా చూసుకో. ఫిషింగ్ హార్బర్‌లో చేపలమ్మే ఆవిడా, గంధర్వుడూ ఇద్దరూ పేపర్ భాషే మాట్లాడుతున్నారు. అతనికి గ్రాంథికం ఇచ్చి, ఆవిడ చేత "ఏటి బావూ, ఏటి కావాల?" అనిపించు. మన ఉత్తరాంధ్ర మాటని పుస్తకంలో పెట్టడానికి మొహమాటపడకు. జోకు వేశాక దాన్ని వివరించే వాక్యాలన్నీ కొట్టేయి. ఈ పుస్తకానికి ఇంకా పని ఉంది, అందుకే రెండోది అన్నాను.

ఇలాంటివన్నీ కాలక్షేపం రాతలని ఎవరైనా చప్పరిస్తే పట్టించుకోకు. అద్దె పుస్తకాల షాపుల్లో జానపద నవలలూ, డిటెక్టివ్ నవలలూ తెచ్చుకుని చదివే అలవాటు పట్టిన తరం మాది. ఆ నవలలు లేకపోతే మాలో చాలామంది పెద్ద పుస్తకాల దాకా వచ్చేవాళ్ళే కాదు.

ఇక డబ్బు విషయం. ప్యాకేజీ వాళ్ళు పంపిన ఒప్పందంలో ఆడియో, సినిమా, అనువాద హక్కులన్నీ వాళ్ళవే అని ఉంది, ఎన్నేళ్ళకో లేదు. సంతకం పెట్టకు. 1957 కాపీరైట్ చట్టం ప్రకారం రాసిన క్షణం నుంచే హక్కు నీది, నీ జీవితకాలం, ఆ తర్వాత 60 ఏళ్ళు. రిజిస్ట్రేషన్ చేయించకపోయినా అది ఉంటుంది. ఐఎస్‌బీఎన్‌కి, అంటే పుస్తకం గుర్తింపు సంఖ్యకి, వాళ్ళు విడిగా డబ్బు అడిగారు కదా, అది మన దేశంలో ఉచితం. రాజా రామమోహన్ రాయ్ జాతీయ ఏజెన్సీకి రచయితగా నువ్వే ఆన్‌లైన్‌లో దరఖాస్తు పెట్టుకోవచ్చు. పుస్తకం వచ్చాక 1954 చట్టం ప్రకారం 30 రోజుల్లోగా కోల్‌కతా జాతీయ గ్రంథాలయానికీ, చెన్నై, ముంబై, ఢిల్లీల్లోని గ్రంథాలయాలకీ కాపీలు పంపాలి. ఆ బాధ్యత ప్రచురించేవాళ్ళది, అంటే నీదే.

మొదట 100 కాపీలు డిజిటల్ ప్రింటింగ్‌లో వేయించు. అవి అయిపోయి ఇంకా అడుగుతుంటే అప్పుడు ఎక్కువ కాపీలకి వాడే ఆఫ్‌సెట్ ప్రింటింగ్ చూద్దాం. వెయ్యి కాపీలు వేస్తే ఒక్కోటి చవగ్గా పడుతుందని ప్రెస్ వాళ్ళు చెప్పేది నిజమే, కానీ అమ్ముడుపోనివి మీ అమ్మ మంచం కిందకే చేరతాయి. డెమీ సైజులో ఫారానికి, అంటే మడిచి కుట్టే ఒక్కో అచ్చు కాగితానికి, 16 పేజీలు కాబట్టి 192 దగ్గరో 208 దగ్గరో ఆగేలా చూసుకో. నువ్వు యూనికోడ్‌లో టైప్ చేశావు. ప్రెస్ వాళ్ళు దాన్ని తాము వాడే 'అను' అనే తెలుగు ఫాంట్లలోకి మారిస్తే కొన్నిచోట్ల వత్తులు ఎగిరిపోతాయి. మార్చాక మొదటి అక్షరం నుంచి మళ్ళీ ప్రూఫ్ చూడాల్సిందే. ఒకసారి నువ్వు చూడు, ఒకసారి నేను చూస్తాను. ఈబుక్‌కి మాత్రం పీడీఎఫ్ ఇవ్వకు, ఫోన్‌లో చదివేవాళ్ళు ప్రతి వరుసకీ స్క్రీన్ జరుపుకోవాలి. తెరకి తగ్గట్టు వరుసలు సర్దుకునే ఈపబ్ ఫైలు యూనికోడ్‌లోనే చేయించు.

అట్ట బొమ్మ ఫోన్‌లో బొటనవేలి గోరంత కనిపించినా ఇది ప్రేమకథ, ఇందులో అంతరిక్షం ఉంది అని తెలియాలి.

ఇంగ్లీషులో రాసే నీ స్నేహితురాలికి ఒక మాట చెప్పు. అమెజాన్ వాళ్ళ ఈబుక్ పథకం కేడీపీ సెలెక్ట్‌లో చేరితే 90 రోజులు ఆ ఈబుక్‌ని ఇంకెక్కడా పెట్టకూడదు. అచ్చు పుస్తకానికి ఆ షరతు లేదు.

ద్వారకానగర్ పౌర గ్రంథాలయానికి ఒక కాపీ మనమే వెళ్ళి ఇద్దాం. షాపులకి ఇచ్చేటప్పుడు వాళ్ళ కమిషన్, పోస్టు ఖర్చు తీసేశాక నీకేం మిగులుతుందో కాగితం మీద వేసుకుని, ఆ తర్వాతే ధర పెట్టు. విజయవాడ పుస్తక మహోత్సవంలో ఒక్కదానివే స్టాల్ తీసుకోవద్దు, నీలాగే సొంతంగా వేసుకున్నవాళ్ళు నలుగురు కలిస్తే అద్దె పంచుకోవచ్చు.

ఏడో అధ్యాయం రాయడం అవ్వగానే ప్రింటు తీసి ఇంటికి పంపు. ఫోన్‌లో చదవలేను, అక్షరాలు పెద్దగా ఉండాలి, వరుసల మధ్య దిద్దడానికి చోటు వదులు.

ఇట్లు,
మీ మావయ్య
విశాఖపట్నం