ఓల్డ్ స్కూల్ రూన్‌స్కేప్‌లో ఏ స్కిల్ ముందు పెంచాలి: డ్రాగన్ సిమిటర్ దాకా ఎక్స్‌పీ లెక్క

ప్రశ్న: ఓల్డ్ స్కూల్ రూన్‌స్కేప్ అనే ఆన్‌లైన్ గేమ్‌లో కొత్తగా మెంబర్‌షిప్ తీసుకున్నాను. స్కిల్స్ అన్నీ ఇంకా ఒకటి, రెండు లెవెల్స్‌లోనే ఉన్నాయి. డ్రాగన్ సిమిటర్ అనే వంపు కత్తి పట్టుకునే స్థాయికి రావాలంటే ఏది ముందు పెంచాలి, ఏది తర్వాత? క్వెస్టుల (కథతో సాగే పనుల) రివార్డులు, ఎక్స్‌పీ ఇచ్చే ల్యాంప్‌లు ఎప్పుడు వాడితే వృథా కావు?

జవాబు: ఈ కత్తికి ఎటాక్ స్కిల్ 60వ లెవెల్, మంకీ మ్యాడ్‌నెస్ అనే క్వెస్ట్ రెండూ కావాలి. ముందుగా, ప్లాన్ వేసేటప్పుడు లెవెల్ నంబరు పక్కన పెట్టి ఎక్స్‌పీ (అనుభవ పాయింట్లు) చూడండి. ఈ గేమ్‌లో ప్రతి 7 లెవెల్స్‌కి కావలసిన ఎక్స్‌పీ సుమారుగా రెట్టింపవుతుంది. 2వ లెవెల్‌కి 83 చాలు. 30కి 13,363, 40కి 37,224, 50కి 1,01,333, 60కి 2,73,742, 70కి 7,37,627, 80కి 19,86,068, 90కి 53,46,332, 99కి 1,30,34,431. ఇందులో సగం దూరం 50 దగ్గర లేదు, 92 దగ్గర ఉంది (65,17,253). 70 చేరినా మొత్తంలో ఆరు శాతం కూడా పూర్తి కానట్టే. అందుకే ఇప్పుడే 99 గురించి ఆలోచించడం అనవసరం. గేమ్‌లో పనికొచ్చే తలుపులు చాలావరకు 40 నుంచి 70 మధ్య తెరుచుకుంటాయి, ఆ భాగం చవక కూడా.

ఇక రివార్డుల సంగతి. "లెవెల్ ఎక్కువయ్యాక క్వెస్ట్ చేస్తే ఎక్స్‌పీ వృథా" అని చాలామంది చెబుతారు. అది నిజం కాదు. వాటర్‌ఫాల్ క్వెస్ట్ ఎటాక్‌కి, స్ట్రెంత్‌కి 13,750 చొప్పున ఇస్తుంది. ఎప్పుడు చేసినా మీ ఖాతాలో పడేది అంతే. 1వ లెవెల్‌లో చేస్తే నేరుగా 30కి వెళతారు, 60లో చేస్తే అర లెవెల్ కూడా కదలదు, కానీ మొత్తం మాత్రం ఒకటే. తేడా వచ్చేది మీ సమయంలో. 1వ లెవెల్‌లో మీరు కొట్టే దెబ్బలు తగలవు, తగిలినా ఒకటో రెండో డ్యామేజ్, గంటకి వచ్చే ఎక్స్‌పీ చాలా తక్కువ. అదే 13,750 ఎక్స్‌పీ 60వ లెవెల్‌లో కొద్దిసేపట్లో వచ్చేస్తుంది. అంటే ముందుగా చేసిన క్వెస్ట్ మీ అతి నెమ్మదైన గంటలను మింగేస్తుంది. క్వెస్టులు ముందు చేయమనడానికి అసలు కారణం ఇదే.

దీనికి ఒక మినహాయింపు ఉంది. అప్పుడప్పుడు జీనీ వచ్చి ఇచ్చే ల్యాంప్‌కి స్థిరమైన ఎక్స్‌పీ ఉండదు. మీరు ఎంచుకున్న స్కిల్ లెవెల్‌ని 10తో గుణించి ఇస్తుంది. 10వ లెవెల్ స్కిల్‌లో వాడితే 100, 60వ లెవెల్ స్కిల్‌లో వాడితే 600. దీన్ని మాత్రం మీ స్కిల్స్‌లో పై లెవెల్‌లో ఉన్న, పెంచడం కష్టంగా అనిపించే దానికే వాడండి.

ఇప్పుడు వరుస. ఇందులో ప్రతి మెట్టూ తర్వాతి మెట్టుకి కావలసిన లెవెల్‌ని తెచ్చిపెడుతుంది, అందుకే క్రమం మార్చకండి.

ఇంప్ క్యాచర్‌తో మొదలుపెట్టండి. దానికి కావలసిన నాలుగు రంగుల పూసలు గ్రాండ్ ఎక్స్ఛేంజ్‌లో (ఆటగాళ్లు సరుకు కొని అమ్ముకునే సంతలో) కొనేయొచ్చు. 875 ఎక్స్‌పీతో మ్యాజిక్ 8 అవుతుంది. దాంతో విచెస్ హౌస్ చేయండి. చివర్లో నాలుగు రూపాలు మార్చే జంతువుని, అది మీ దగ్గరికి రాలేని చోట నిలబడి మంత్రాలతో కొట్టొచ్చు. రివార్డు 6,325 హిట్‌పాయింట్స్ (ప్రాణశక్తి) ఎక్స్‌పీ, అంటే 10 నుంచి నేరుగా 24. దీన్ని వాటర్‌ఫాల్ కంటే ముందు పెట్టింది ఇందుకే: వాటర్‌ఫాల్‌లో ఆయుధం, కవచం లేకుండా గ్లారియల్ సమాధిలోకి వెళ్లాలి, లోపల మాస్ జెయింట్లు ఉంటాయి. 10 హిట్‌పాయింట్స్‌తో అక్కడ పరిగెత్తడం, 24తో పరిగెత్తడం ఒకటి కాదు.

వాటర్‌ఫాల్‌లో తప్పులు జరిగే చోట్లు మూడు. సమాధికి వెళ్లేటప్పుడు రూన్లు (మంత్రాలకి వాడే రాళ్లు) కూడా వెంట ఉండకూడదు, తిండి మాత్రమే తీసుకెళ్లండి. తర్వాత బ్యాంకుకి వెళ్లి ఎయిర్, వాటర్, ఎర్త్ రూన్లు ఆరేసి, ఒక తాడు తెచ్చుకోండి. గుహ తలుపు దగ్గర గ్లారియల్ తాయెత్తు మెడలో ఉండాలి, సంచిలో ఉంటే చాలదు, నీళ్లలో కొట్టుకుపోతారు. చివరి గదిలో పాత్ర మీద నేరుగా క్లిక్ చేయకండి. సంచిలోని బూడిద కలశాన్ని ఎంచుకుని దాని మీద వాడాలి. ఊరికే క్లిక్ చేస్తే వరద వచ్చి బయట పడేస్తుంది, మళ్లీ రూన్లు కొనుక్కుని రావాలి. పూర్తయితే ఎటాక్ 30, స్ట్రెంత్ 30.

తర్వాత ఫైట్ అరీనా (ఎటాక్‌కి 12,175), ట్రీ నోమ్ విలేజ్ (11,450). వాటర్‌ఫాల్‌తో కలిపితే 37,375. ఎటాక్ 40కి కావలసింది 37,224. ఒక్క గోబ్లిన్‌ని కూడా కొట్టకుండా రూన్ సిమిటర్ పట్టే లెవెల్‌కి వచ్చేశారు. ఈ రెండు క్వెస్టుల్లోని పెద్ద శత్రువులను కూడా దూరం నుంచి, అడ్డు చాటున నిలబడి చంపొచ్చు.

రెండో గొలుసు అజిలిటీది. చాలామంది దీన్ని గమనించక 25వ లెవెల్ దాకా ఇళ్ల పైకప్పుల మీద పరిగెత్తుతూ గంటలు గడుపుతారు. డోరిక్స్ క్వెస్ట్‌కి 6 బంకమన్ను, 4 రాగి ముడిఖనిజం, 2 ఇనుప ముడిఖనిజం ఇస్తే మైనింగ్ 10 అవుతుంది. నైట్స్ స్వోర్డ్‌లో బ్లూరైట్ తవ్వడానికి కావలసింది సరిగ్గా ఆ 10. అక్కడ ఐస్ వారియర్లు, ఐస్ జెయింట్ల మధ్య నుంచి పరిగెత్తాలి కాబట్టి తిండి నింపుకోండి. రివార్డు 12,725 స్మితింగ్ ఎక్స్‌పీ, అంటే 1 నుంచి 29. టూరిస్ట్ ట్రాప్‌కి స్మితింగ్ 20 చాలు, అది వచ్చేసింది. ఫ్లెచింగ్ 10 కూడా కావాలి. మామూలు దుంగ ఒక్కోదాన్ని బాణపు పుల్లలుగా చెక్కితే 5 ఎక్స్‌పీ, కాబట్టి 231 దుంగలు చాలు. టూరిస్ట్ ట్రాప్ చివర 4,650 ఎక్స్‌పీ చొప్పున రెండు సార్లు స్కిల్ ఎంచుకోమంటుంది. రెండూ అజిలిటీకే ఇవ్వండి. 9,300తో అజిలిటీ 1 నుంచి 26 అవుతుంది. గ్రాండ్ ట్రీకి కావలసింది 25. దాని రివార్డులో అజిలిటీకి 7,900, ఎటాక్‌కి 18,400 ఉన్నాయి. ఇప్పుడు అజిలిటీ 32, ఎటాక్ 55,775 ఎక్స్‌పీతో 44. మంకీ మ్యాడ్‌నెస్ మొదలుపెట్టడానికి ముందుగా పూర్తి కావలసినవి కూడా ఈ ట్రీ నోమ్ విలేజ్, గ్రాండ్ ట్రీ క్వెస్టులే. ఆ క్వెస్ట్ అయితే తప్ప డ్రాగన్ సిమిటర్ చేతిలోకి రాదు.

మంకీ మ్యాడ్‌నెస్‌కి ముందు ప్రేయర్ 43 తెచ్చుకోమని గట్టిగా చెబుతాను. దగ్గరి నుంచి కొట్టే దెబ్బలను ఆపే ప్రొటెక్ట్ ఫ్రమ్ మెలీ ప్రార్థన అక్కడే వస్తుంది, ఆ క్వెస్ట్‌లోని కోతుల దీవి ఏప్ అటాల్‌లో ప్రాణం కాపాడేది అదే. 43కి 50,339 ఎక్స్‌పీ కావాలి. రెస్ట్‌లెస్ ఘోస్ట్ 1,125, ప్రీస్ట్ ఇన్ పెరిల్ 1,406 ఇస్తాయి. మిగిలింది 47,808. డ్రాగన్ ఎముకను నేలలో పాతితే 72 ఎక్స్‌పీ. ఆటగాళ్ల ఇళ్లలో ఉండే గిల్డెడ్ ఆల్టర్ (బలిపీఠం) మీద, రెండు బర్నర్లూ వెలుగుతుంటే దానికి మూడున్నర రెట్లు, అంటే 252. కాబట్టి 190 ఎముకలు. పాతిపెడితే 664 కావాలి. మీకు సొంత ఆల్టర్ అక్కర్లేదు. 330వ వరల్డ్‌లో (గేమ్ సర్వర్‌లో) రిమ్మింగ్‌టన్ దగ్గర ఎప్పుడూ ఎవరో ఒకరి ఇల్లు తెరిచి ఉంటుంది. నోట్ చేసిన (ఎన్ని ఉన్నా ఒకే గడిలో పట్టే కాగితం రూపంలోని) ఎముకలను అక్కడి ఫయల్స్ అనే దుకాణదారు ఒక్కోదానికి 5 నాణేలు తీసుకుని విడిపిస్తాడు. సంచిలోని 28 గడుల్లో నాణేలకి ఒక గడి, నోట్లకి ఒక గడి పోగా ఒక్క విడతకి 26 ఎముకలు, మొత్తం 8 విడతలు. లోపలికి వెళ్లగానే బర్నర్లు చూడండి. ఒకటి ఆరిపోతే ఎముకకి 216, రెండూ ఆరిపోతే 180 మాత్రమే. వెలిగించడానికి శుభ్రం చేసిన మారెన్‌టిల్ మూలికలు ఒకటి రెండు, టిండర్‌బాక్స్ వెంట ఉంచుకుంటే నష్టం ఉండదు.

స్ట్రెంత్ ఇప్పటికీ 30లోనే ఉంది. దీన్ని మాత్రం కొట్టి పెంచాలి. ఎటాక్ 44 ఉండి రూన్ సిమిటర్ చేతిలో ఉంది కాబట్టి కొట్టే సమయమంతా స్ట్రెంత్‌కే ఇవ్వండి, గరిష్ఠ దెబ్బ పెరిగితే తర్వాత కొట్టి పెంచే ప్రతి స్కిల్ వేగం పెరుగుతుంది. ఒక డ్యామేజ్‌కి ఎంచుకున్న స్కిల్‌లో 4 ఎక్స్‌పీ, హిట్‌పాయింట్స్‌లో 1.33 వస్తాయి. సాండ్ క్రాబ్‌కి 60 హిట్‌పాయింట్స్, అంటే ఒక్కోటి 240 ఎక్స్‌పీ. స్ట్రెంత్ 13,750 నుంచి 50వ లెవెల్‌కి 365 క్రాబ్‌లు. ఈలోగా హిట్‌పాయింట్స్ దానంతట అదే 39 అవుతుంది. క్రాబ్‌లు పది నిమిషాల తర్వాత మీ మీదికి రావడం మానేస్తాయి. అప్పుడు కొంత దూరం పరిగెత్తి తిరిగి వస్తే మళ్లీ మొదలవుతుంది. ఆయుధం మార్చిన ప్రతిసారీ కాంబాట్ ట్యాబ్ తెరిచి ఏ స్టైల్ ఎంపికై ఉందో చూడండి. షేర్డ్ స్టైల్‌లో ఉండిపోతే 4 ఎక్స్‌పీ మూడు స్కిల్స్‌కి 1.33 చొప్పున చీలిపోతుంది, డిఫెన్స్ కూడా పెరుగుతుంది. ఒకసారి వచ్చిన ఎక్స్‌పీని వెనక్కి తీయడం కుదరదు.

డబ్బుతో పెంచే స్కిల్స్‌కి ఎప్పుడూ ఒకే లెక్క: లక్ష్యపు ఎక్స్‌పీలోంచి ఇప్పటి ఎక్స్‌పీ తీసేసి, ఒక్క పనికి వచ్చే ఎక్స్‌పీతో భాగించండి. కన్‌స్ట్రక్షన్ 33 (18,247) నుంచి 50కి కావలసింది 83,086. ఓక్ లార్డర్ ఒకటి కడితే 480, పలకలు 8. 174 లార్డర్లు, 1,392 ఓక్ పలకలు. సామిల్లులో పలకకి 250 చొప్పున 3,48,000 నాణేలు, దుంగల ధర వేరే. సుత్తి, రంపం, నాణేలు, నోట్లు పోగా 24 గడులు మిగులుతాయి, సరిగ్గా 3 లార్డర్లు.

కుకింగ్‌లో వైన్ 35వ లెవెల్ నుంచి, ఒక్కోదానికి 200. 35 నుంచి 70కి 3,577 వైన్‌లు అని లెక్క తేలుతుంది. కానీ 68 దాకా కొన్ని చెడిపోతాయి, వాటికి ఎక్స్‌పీ సున్నా. కాబట్టి లెక్కకి మించి ద్రాక్ష తీసుకోండి. ఇంకో విషయం, కలిపిన వెంటనే ఎక్స్‌పీ కనబడదు. చివరిది కలిపిన 12 సెకన్లకి పులిసి ఒక్కసారిగా పడుతుంది. రాలేదని కంగారు పడకుండా బ్యాంకులో వేసి తర్వాతి విడత కలపొచ్చు. ఈ 70 తర్వాత రెసిపీ ఫర్ డిజాస్టర్ క్వెస్ట్‌కి ఎలాగూ కావాలి. గ్రాండ్ ఎక్స్ఛేంజ్‌లో ప్రతి వస్తువుకీ 4 గంటల కొనుగోలు పరిమితి ఉంటుంది, సరుకు కొనడం ముందురోజే మొదలుపెట్టండి.

ఖరీదైన వేగమైన పద్ధతి, ఉచితమైన నెమ్మది పద్ధతి మధ్య ఎటు వెళ్లాలో కూడా ఇలాగే తేల్చుకోవచ్చు. ఉదాహరణకి 7 లక్షల ఎక్స్‌పీ కావాలనుకుందాం. ఉచిత పద్ధతి గంటకి లక్ష ఇస్తే 7 గంటలు. వేగమైనది గంటకి 2 లక్షలు ఇచ్చి, ఎక్స్‌పీకి 2 నాణేలు తీసుకుంటే మూడున్నర గంటలు, 14 లక్షల నాణేలు. మీ సంపాదన గంటకి 5 లక్షలైతే ఆ 14 లక్షలకి 2.8 గంటలు పడుతుంది. మొత్తం 6.3 గంటలు, వేగమైనదే మేలు. సంపాదన గంటకి 3 లక్షలే అయితే లెక్క తిరగబడుతుంది. మొదటి వారాల్లో మీ సంపాదన తక్కువే ఉంటుంది కాబట్టి ప్రేయర్ లాంటి తప్పనిసరి వాటికే డబ్బు పెట్టండి.

ఈ లెక్కలన్నీ కాగితం మీద చేయనక్కర్లేదు. ఈ గేమ్ ఆడటానికి వాడే రూన్‌లైట్ ప్రోగ్రామ్‌లో స్కిల్ క్యాలిక్యులేటర్ ఉంది, ఎక్స్‌పీ ట్రాకర్ మీ నిజమైన గంట వేగం చూపిస్తుంది. గైడ్లలో రాసే వేగం తప్పు లేకుండా క్లిక్ చేసేవాళ్లది, మీ ప్లాన్‌లో మీ వేగమే వేయండి.

చివరిగా డిఫెన్స్ గురించి. డ్రాగన్ స్లేయర్ చేస్తే స్ట్రెంత్‌తో పాటు డిఫెన్స్‌కి కూడా 18,650 పడుతుంది, వద్దనే వీలు లేదు. డిఫెన్స్‌ని 1వ లెవెల్‌లోనే ఆపేసిన ఖాతా ఉంచుకోవాలని మనసులో ఏ మూలైనా ఉంటే ఆ క్వెస్ట్‌ని ముట్టుకోకండి. మంకీ మ్యాడ్‌నెస్ అలా కాదు. అది అయ్యాక డేరో అనే పాత్ర ఇచ్చే శిక్షణ ఐచ్ఛికం, తీసుకోకపోయినా సిమిటర్ పట్టొచ్చు. మామూలు ఖాతా అయితే తప్పకుండా తీసుకోండి. ఎటాక్, డిఫెన్స్‌కి 35,000 చొప్పున, స్ట్రెంత్, హిట్‌పాయింట్స్‌కి 20,000 చొప్పున వచ్చేది ఎంచుకుంటే ఎటాక్ 90,775కి, అంటే 48కి చేరుతుంది. సిమిటర్‌కి ఎటాక్ 60 కావాలి. శిక్షణ లేకుండా అక్కడికి 909 క్రాబ్‌లు, తీసుకుంటే 763.