కె. విశ్వనాథ్ గారిని నటుడిగా లెక్కవేయవచ్చా?

విశ్వనాథ్ గారి పెద్దరికాన్ని చూసి దర్శకులు ఆయనకు తాతయ్య వేషాలు ఇచ్చారే తప్ప ఆయనను నిజంగా నటుడిగా లెక్కవేయవచ్చా అని మీరు అడిగారు. తప్పకుండా లెక్కవేయాలన్నది నా అభిప్రాయం. డబ్బింగ్ థియేటర్లో సౌండ్ ఇంజినీరుగా 11 ఏళ్లు పనిచేసిన అనుభవంతో ఈ మాట చెబుతున్నాను.

1930లో రేపల్లె ప్రాంతంలోని పెదపులివర్రులో పుట్టిన ఆయన సినిమాల్లోకి అడుగుపెట్టింది మద్రాసు వాహినీ స్టూడియో శబ్దగ్రహణ శాఖ ద్వారా. ఆ తర్వాత దర్శకుడు ఆదుర్తి సుబ్బారావు గారి దగ్గర పనిచేసి, 1965లో ‘ఆత్మగౌరవం’తో దర్శకులయ్యారు. ముఖానికి రంగు వేసుకున్నది మాత్రం 1995లో, తానే తీసిన ‘శుభసంకల్పం’లో, 65 ఏళ్ల వయసులో. మధ్యలో గడిచిన 30 ఏళ్లూ ఆయన మైకుకు, కెమెరాకు ఇవతలి వైపునే ఉండి, డిప్యూటీ కలెక్టరు ఉద్యోగం చేస్తూ నాటకాలాడిన జె.వి. సోమయాజులు గారి వంటి వారి చేత గొప్ప పాత్రలు చేయించారు. సెట్లో ఖాకీ బట్టలు వేసుకుని, తానూ పనివాళ్లలో ఒకడిగా ఉండేవారు. ఆ సంగతి తలుచుకున్నప్పుడల్లా ఆయన మీద నాకు గౌరవం పెరుగుతుంది.

ఇక నా అనుభవం. ఒక చిత్రంలో తాత పాత్రకు, చాలాకాలం నాటకాలాడిన ఒక పెద్దాయన గొంతు ఇస్తున్నారు. ఏళ్ల తర్వాత ఇంటికి వచ్చిన కూతురిని “ఎప్పుడొచ్చావమ్మా?” అని అడిగే చిన్న డైలాగు అది. మాటకు ముందు ఆయన తీసిన ఊపిరి, ఆ వెంటనే గొంతులో పలికిన సన్నని జీర మైకులో స్పష్టంగా పడ్డాయి. ట్రాకు శుభ్రం చేసేటప్పుడు నేను వాటిని అనవసరపు చప్పుడనుకుని కత్తిరించేశాను. మర్నాడు దర్శకుడు విని, “ఆ ఊపిరి ఏమైంది?” అని అడిగారు. అసలు టేకు తెరిచి, ఒక సెకను కూడా లేని ఆ ముక్కను తిరిగి అతికించి వినిపించాను. అదే మాట, అదే గొంతు. కానీ ఇప్పుడు తండ్రి ఆ కూతురిని చూసి, తమాయించుకుని, ఆ తర్వాతే నోరు తెరిచినట్టు వినిపించింది.

ఆ తర్వాత ‘కలిసుందాం రా’ (2000) చిత్రాన్ని హెడ్‌ఫోన్లు పెట్టుకుని మళ్లీ చూశాను. కూతురి మీద ఏళ్ల తరబడి కోపం దాచుకున్న ఉమ్మడి కుటుంబపు పెద్ద రాఘవయ్య పాత్ర విశ్వనాథ్ గారిది. కేకలు వేయడానికి కావలసినంత అవకాశం ఉన్న పాత్ర. ఆయన మాత్రం ఎదుటివారి మాట పూర్తయ్యేదాకా నిజంగా వింటారు, తన వంతు ఎప్పుడొస్తుందా అని కాచుకుని కూర్చోరు. ఆ తర్వాత వచ్చే జవాబులో కోపం కన్నా కోపాన్ని ఆపుకోవడమే ఎక్కువగా వినిపిస్తుంది. శబ్దశాఖలో మొదలైన మనిషికి మౌనం విలువ తెలియడంలో ఆశ్చర్యం లేదని అప్పుడు అనిపించింది.

మీ అనుమానంలో కొంత నిజం లేకపోలేదు. ఆయన ముఖంలోని హుందాతనం మీద భారమంతా వేసి, పాత్రను సరిగా రాయని చిత్రాలు కొన్ని ఉన్నాయి. తన సొంత దర్శకత్వంలో నటించినప్పుడు, ఉదాహరణకు ‘స్వరాభిషేకం’ (2004)లో, కొంచెం బిగుసుకున్నారనీ, ఇతరుల చిత్రాల్లో ఇంకా తేలికగా ఉన్నారనీ నాకనిపిస్తుంది. ‘ఆడవారి మాటలకు అర్థాలే వేరులే’ (2007)లోని తాతయ్య పాత్రను మరుసటి ఏడాది దాని తమిళ రూపంలోనూ ఆయన చేతే చేయించారంటే, కేవలం గౌరవం కోసం ఇచ్చిన వేషమని నేను అనుకోలేను.

వీలైతే ‘కలిసుందాం రా’లో ఆయన ఉన్న ఏదైనా ఒక సన్నివేశాన్ని మొదట మామూలుగా చూడండి. రెండోసారి కళ్లు మూసుకుని, ఆయన మాట మొదలవడానికి ముందున్న క్షణాన్ని మాత్రమే వినండి.